ఆల్ఫా నిలవని అమ్మాయి

తలకు నూనె రాసుకుని రావద్దని చీటీ మీద రాసిచ్చేదాన్ని, నోటితో చెప్పేదాన్ని, బయట బెంచీ పైన గోడకు పెద్ద అక్షరాలతో అంటించాను కూడా. అయినా సగం మంది నూనె కారుతున్న తలలతోనే వచ్చేవాళ్ళు. దవాఖానకు పోయేటప్పుడు జుట్టు రేగి ఉంటే డాక్టరు ఏమనుకుంటాడోనని ఇంట్లో పెద్దవాళ్ళు ఆ పూట మరింత శ్రద్ధగా దట్టించి, నున్నగా దువ్వి పంపేవాళ్ళు. నూనె తలకు ఎలక్ట్రోడ్లు అంటుకోవు. అంటుకున్నా కాగితం మీద పిచ్చిగీతలు వస్తాయి. నాకసలే కోపం ముక్కు మీద ఉంటుంది. వాళ్ళను వెనక పంపు దగ్గర కూర్చోబెట్టి, షాంపూ పొట్లం చించి, తిడుతూ నేనే తలలు రుద్దేదాన్ని. ఫిజిక్సులో డిగ్రీ చదివింది ఇందుకా అని రోజుకోసారైనా అనుకునేదాన్ని.

మెదడు నడకను కాగితం మీద గీతలుగా తీసే ఈఈజీ పరీక్ష చేయడం నా ఉద్యోగం. తొంభైల చివర. పెళ్ళయి తెనాలి నుంచి వచ్చి లింగంపల్లిలో రెండు గదుల కిరాయి ఇంట్లో కాపురం పెట్టాం. మా ఆయనది ప్రభుత్వ ఉద్యోగం. ఇంట్లో కూర్చోలేక నేను ఆ పని నేర్చుకుని, కొండాపూర్ రోడ్డు మీద ఒక నరాల డాక్టరుగారి క్లినిక్కులో చేరాను. అప్పటికి హైటెక్ సిటీలో మొదటి గుండ్రటి భవనం లేచి నిలబడింది. ఆదివారాలు జనం పిల్లల్ని స్కూటరు ముందు నిలబెట్టుకుని దాన్ని చూడడానికి వచ్చేవాళ్ళు. దాని చుట్టూ ఇంకా రాళ్ళే. రోడ్ల కోసం, పునాదుల కోసం ఆ రాళ్ళను మందుపెట్టి పేలుస్తుంటే మా కిటికీ అద్దాలు గలగలలాడేవి. పేలుడు వచ్చినప్పుడల్లా పేషెంటు ఉలిక్కిపడేవాడు, మిషను కలాలన్నీ ఒక్కసారి ఎగిరేవి. నేను కాగితం మీద ఆ చోట “రాయి” అని రాసేదాన్ని.

అలా రాయడం డాక్టరుగారు పెట్టిన నియమం. ఆయన అసలు హైదరాబాదువారు, యాభై దాటినవారు, మాట కరుకు. నన్ను మా ఊరి పేరుతోనే పిలిచేవారు. చేరిన కొత్తలోనే చెప్పారు.

“చూడు తెనాలీ, గీత ఒక్కటి చూసి ఎవ్వరం ఏం చెప్పలేం. ఆ గీత వచ్చినప్పుడు మనిషి ఏం జేస్తుండె? కండ్లు మూసిండా, తెరిచిండా, దగ్గిండా, పండుకున్నడా? అది పక్కన రాయాలె. రాయకుంటే ఆ కాగితం పకోడీలు కట్టేతందుకు తప్ప దేనికి పనికిరాదు.”

మిషను బల్లంత ఉండేది. తలకు అతికించిన వెండి బిళ్ళల నుంచి తీగలు దానిలోకి పోయేవి. ఒక వరసలో సిరా కలాలు, కింద మడతల కాగితం కట్ట. మీట నొక్కితే కాగితం జరుగుతుంది, కలాలు గరగరమంటూ గీస్తాయి. మెదడులో ఎప్పుడూ సన్నగా కరెంటు నడుస్తూనే ఉంటుంది, దాని ఆటుపోట్లే ఆ గీతలు. సెకనుకు ఎన్ని అలలు వచ్చాయో లెక్కబెట్టి వాటికి పేర్లు పెట్టారు. మెలకువగా, హుషారుగా, ఏదో ఆలోచిస్తూ ఉన్నవాడికి సన్నగా, దగ్గర దగ్గరగా వచ్చేది బీటా. అదే మనిషి కళ్ళు మూసుకుని ఊరకే పడుకుంటే తల వెనక భాగంలో సెకనుకు తొమ్మిదీ పదీ అలలు వరసగా, చూడముచ్చటగా వస్తాయి. అది ఆల్ఫా. కళ్ళు తెరిస్తే పోతుంది. మగత కమ్ముతుంటే ఆల్ఫా చెదిరిపోయి, అంతకంటే నిదానమైన థీటా దిగుతుంది. ఒళ్ళు తెలియని నిద్రలో సెకనుకు ఒకటీ రెండూ, పెద్దపెద్దగా వచ్చేది డెల్టా. మెలకువగా ఉన్న పెద్దవాడికి డెల్టా వస్తే భయపడాలి. నిద్రపోయే పిల్లాడికి అదే వస్తే హాయిగా నిద్రపోతున్నాడని అర్థం. గీత అదే, మనిషి స్థితి వేరు.

నాకు ఇందులో ఆల్ఫా అంటే ఇష్టం. మనుషుల్ని దాంతో కొలిచే అలవాటు కూడా పట్టుకుంది. హైటెక్ సిటీ సాఫ్టువేరు కుర్రాళ్ళు తలనొప్పి అని వచ్చేవాళ్ళు. కళ్ళు మూసుకోమంటే మూసుకునేవాళ్ళే కానీ ఆల్ఫా ఒక పట్టాన వచ్చేది కాదు, లోపల ప్రోగ్రాము నడుస్తూనే ఉండేది. కళ్ళు మూయించి నూటిలోంచి ఏడు తీసేస్తూ పొమ్మంటే మామూలుగా ఎవరికైనా ఆల్ఫా తగ్గిపోతుంది. లింగంపల్లి కిరాణా కొట్టాయన ఒకాయనకు మాత్రం తగ్గలేదు. చకచకా రెండు దాకా తీసేసి, “ఇంకేమన్నా చెయ్యాల్నా మేడం?” అన్నాడు. ఆయనకది పనే కాదు. ఒకసారి మిషను బాగుచేశాక డాక్టరుగారు నన్నే పడుకోబెట్టి తీశారు. నా ఆల్ఫా చూసి, “నోరు గంత గడబిడ, లోపల గింత నిమ్మలమా!” అని ఆశ్చర్యపోయారు. నేను ఆ కాగితం ముక్క కత్తిరించి ఇంటికి తీసుకెళ్ళి మా ఆయనకు చూపించాను. ఆయన నమ్మలేదు.

ఒక చలికాలం పొద్దున లింగంపల్లి నుంచి ఒక కుటుంబం వచ్చింది. అత్త, ఆమె కొడుకు, కోడలు. కోడలి తల్లి నార్సింగి నుంచి వేరే ఆటోలో వచ్చి, బెంచీకి ఆ చివర ఒక్కతే కూర్చుంది. నార్సింగి అప్పుడు పల్లెటూరు. ఆమె ఆకుకూరల మళ్ళు వేసుకుని బతికే మనిషి. ఈ చివర అత్త, ఆ చివర తల్లి, మధ్యలో ఇరవై ఏళ్ళు నిండీ నిండని ఆ పిల్ల. ఆమె తల చూడగానే నాకు ముచ్చటేసింది. చీటీలో రాసినట్టే కడిగి, ఆరబెట్టుకుని, ఒక్క బొట్టు నూనె లేకుండా వచ్చింది.

నేను పేరు రాసుకుంటుండగానే అత్త నా గదిలోకి వచ్చేసింది.

“మేడం, మాకు చెప్పకుంట మూర్ఛ పిల్లను మా నెత్తిన కట్టిన్రు. పెండ్లయి ఏడాది నిండలే. కూసున్న కాడ కూసున్నట్టే ఉంటది, పిలిస్తే పలకదు. చేతిల గిన్నె జారిపోతది. ఒకసారి ఒళ్ళంత ఝల్లుమని అదిరింది. ఇదివరకే పట్నంల ఒక కాడ ఈ పరీక్ష చేపిచ్చినం. మూర్ఛే అన్నరు, గోళీలిచ్చిన్రు. గోళీలు మింగవట్టినంక ఇంకా ఎక్కువైంది. ఇంకొక డాక్టరు తాన కూడా కాయితం తెమ్మన్నడు మా వకీలు.”

వకీలు ఎందుకో నాకు అర్థమైంది. అప్పట్లో చట్టం అలా ఉండేది. పెళ్ళినాటికే మూర్ఛ ఉందని, దాచి చేశారని తేలితే ఆ పెళ్ళి చెల్లదని కోర్టులో కొట్టేయించుకోవచ్చు. తర్వాత కొన్నాళ్ళకు చట్టంలోంచి మూర్ఛ అన్న మాట తీసేశారు. కానీ ఆ పొద్దున అది ఉంది. మా కాగితం కూడా మూర్ఛ అంటే ఆ పిల్ల కాపురం పోతుంది. కాపురమే కాదు, అబద్ధమాడి పిల్లను అంటగట్టిన ఇల్లని ఊరంతా నార్సింగి వైపు వేలు చూపిస్తుంది.

తల్లి గుమ్మం దగ్గరికి వచ్చి నిలబడింది. లోపలికి రాలేదు. “నా బిడ్డకు చిన్నప్పటిసంది ఏం లేకుండె మేడం. మీ కాళ్ళు మొక్కుత, జర మంచిగ చూడుండ్రి” అంది.

“మంచిగా చూడ్డం, చెడ్డగా చూడ్డం ఉండదండీ. ఉన్నది ఉన్నట్టు వస్తుంది” అన్నాను. ఇద్దర్నీ బయటికి పంపించి తలుపేశాను. నిజం చెప్పాలంటే, ముందే ఒకచోట మూర్ఛ అని తేల్చారు కనుక నేనూ అదే వస్తుందనుకున్నాను. అత్త మాత్రం చూడగానే నచ్చలేదు. ఆమె మాటలో పిల్ల మీద బాధ కంటే మోసపోయామన్న మంట ఎక్కువ కనిపించింది.

పిల్లను మంచం మీద కూర్చోబెట్టి పాయలు తీస్తూ బిళ్ళలు అతికిస్తున్నాను. ఎడమ ముంజేతి మీద పొడుగ్గా కాలిన మచ్చ. కొత్తదే. ఏమిటమ్మా ఇది అంటే, “పొయ్యి మీదికి ఒరిగిన మేడం” అంది. ఎలా ఒరిగావంటే తెలియదంది. తలలో బిళ్ళ పెట్టిన ప్రతిసారీ నా చేతి వైపే ఆమె తల కొద్దిగా వాలేది. నిటారుగా కూర్చో అని రెండుసార్లు కసిరాను.

పడుకోబెట్టి, కళ్ళు మూసుకోమని మిషను నడిపించాను. ఆల్ఫా వచ్చింది. చక్కటి ఆల్ఫా, దాని మీద సన్నటి బీటా నురగ. పరీక్ష కదా, భయంతో బీటా వస్తోంది పాపం అనుకున్నాను. నేను అలా అనుకుంటుండగానే ఆల్ఫా పోయింది. కళ్ళు తెరిచిందేమోనని చూశాను. లేదు, మూసుకునే ఉంది. తీగ ఊడిందేమోనని తల వెనక తడిమాను. అదీ లేదు. “అమ్మాయ్!” అని గట్టిగా పిలిచాను. ఒళ్ళు ఝల్లుమంది, మళ్ళీ ఆల్ఫా వచ్చింది. నాలుగు సెకన్లు ఉందో లేదో, మళ్ళీ పోయింది. ఈసారి రెప్పల కింద కనుగుడ్లు నెమ్మదిగా అటూ ఇటూ దొర్లుతున్నాయి. కలాలు థీటా గీస్తున్నాయి.

గట్టిగా ఊపిరి తీసి వదలమన్నాను. అది మా పరీక్షలో ఒక భాగం, మూర్ఛ దాగి ఉంటే దాంతో బయటపడుతుందని చేయిస్తాం. ఆపకుండా రొప్పమంటే ఎవరికైనా ఉన్న నిద్ర కూడా పోతుంది. ఈ పిల్ల కొన్ని ఊపిర్లు తీసి, ఆ మధ్యలోనే నిద్రపోయింది. అంతమందికి తీశాను కానీ రొప్పుతూ నిద్రపోయిన మనిషిని నేనెప్పుడూ చూడలేదు.

ఇక లేపలేదు. నిద్రలో కూడా తీయాలన్నది పద్ధతే కనుక, “నిద్ర” అని రాసి కాగితం నడవనిచ్చాను. నడినెత్తి దగ్గరి కలాలు మొనదేలిన అలలు గీశాయి. తర్వాత, నిద్రలో వచ్చేవే, నూలు కదుళ్ళలా నడుమ ఉబ్బిన సన్నటి అలలు వచ్చాయి. ఆ తర్వాత, నేను టీ గ్లాసు చేతిలోకి తీసుకుని తాగేలోపలే, డెల్టా దిగింది. మామూలు మనిషి మా గదిలో, తలకు తీగలతో, గట్టి బల్ల మంచం మీద అంత లోతుకు పోవడం అరుదు. సాఫ్టువేరు కుర్రాళ్ళను రాత్రి మేలుకుని రమ్మని చెప్పినా, పొద్దున మగతగా దొర్లి లేచిపోతారు. ఇంతలో బయట రాయి పేలింది. అద్దాలు అదిరాయి, నా చేతిలో టీ ఒలికింది. పిల్ల కదల్లేదు. కాగితం మీద ఒక పెద్ద అల లేచి, మళ్ళీ డెల్టా తన దారిన తాను పోయింది. ఆకలి రుచి ఎరుగదు, నిద్ర సుఖమెరుగదు అని మా అమ్మమ్మ అంటుండేది. నేను “రాయి” అని రాశాను.

ఇంతసేపు కాగితం ఎందుకు తగలేస్తున్నావని అడగడానికి డాక్టరుగారు లోపలికి వచ్చారు. వచ్చి, మడతలు వెనక్కి తిప్పి మొదటి నుంచి చూశారు.

“రాత్రి మేల్కొని రమ్మన్నవా?”

“లేదు సార్.”

“మరి?”

“పడుకోబెట్టగానే పడుకుంది సార్. ముందు భయపడినట్టుంది, బీటా బాగా ఉంది.”

“భయం కాదు. అది గోళీల బీటా. మూర్ఛ గోళీలు గిట్లనే వేస్తయి” అన్నారు. నాకు తెలియని సంగతి అది. తర్వాత ఆయన, పట్నంలో తీసిన పాత కాగితం వాళ్ళ దగ్గర్నుంచి తెప్పించి, దాన్ని బల్ల మీద పరిచి, చూపుడువేలితో గీతల వెంట పోయారు. ఒకచోట ఆగారు.

“ఇగో, ఇక్కడిదాక ఆల్ఫా ఉన్నదా? ఇక్కడ పోయింది. పోయినంక నడినెత్తిన ఈ మొనల అలలు. నువ్వు ఇప్పుడు తీసినయి, ఇవి, రెండు పక్కపక్కన పెట్టి చూడు.”

పెట్టి చూశాను. ఒక్కటే అచ్చు. నా కాగితం మీద పక్కన “నిద్ర” అని ఉంది. పాత కాగితం మీద ఏమీ లేదు. చదివినాయన మెలకువలో వచ్చిన అలలనుకున్నాడు. నిద్రపట్టేటప్పుడు ఎవరికైనా వచ్చే అలలను మూర్ఛ అలలని రాశాడు. దానికి గోళీలు పడ్డాయి. ఆ గోళీలకు మగత ఎక్కువ. అసలే నిద్రకు తూలుతున్న పిల్లకు గోరుచుట్టు మీద రోకటిపోటు.

“అయినా కాగితం ఒక్కటే సరిపోదు. అందర్ని పిలువు” అన్నారు డాక్టరుగారు.

పిల్లను లేపడానికి నాకు మనసొప్పలేదు. భుజం పట్టి కుదిపితే లేచి కూర్చుని, ఎక్కడున్నానా అన్నట్టు చూసి, వెంటనే పైట సర్దుకుని “అయ్యో, నల్లా వచ్చిందా?” అంది. ఆ మాట అనే తొందర చూసి నాకు నవ్వొచ్చింది. ఆ తర్వాత నవ్వినందుకు సిగ్గేసింది.

డాక్టరుగారి గదిలో నలుగురూ నిలబడ్డారు. ఆయన పిల్లనే అడిగారు. పడిపోయినప్పుడు నాలుక కొరుక్కున్నావా, బట్టల్లో ఒంటికి పోసుకున్నావా, లేచాక ఎక్కడున్నావో తెలియక చాలాసేపు తికమకపడ్డావా. అన్నిటికీ లేదంది. ఎవరైనా పట్టి కుదిపితే లేస్తావా అంటే లేస్తానంది. రాత్రి ఎప్పుడు పడుకుంటావని అడిగినప్పుడు మాత్రం అత్త వైపు చూసింది.

మొగుడు అందుకున్నాడు. సన్నగా, కళ్ళద్దాలతో, మంచివాడిలాగే ఉన్నాడు. అతను హైటెక్ సిటీలో మెడికల్ ట్రాన్స్‌క్రిప్షన్ చేస్తాడు. అమెరికా డాక్టర్లు టేపులో చెప్పిన రిపోర్టులు చెవిలో పెట్టుకుని వింటూ టైపు కొట్టే పని. సాయంత్రం పోతే రాత్రి మూడు దాటాక ఆఫీసు వ్యాను ఇంటి దగ్గర దింపుతుంది.

“వచ్చినంక తిని పండుకుంట సార్. అప్పటిదాక ఆమె మేల్కొనే ఉంటది.”

“ఎందుకు? హాట్‌ప్యాకుల పెట్టి పండుకుంటే కాదా?”

అత్త అడ్డం వచ్చింది. “మొగడు తినకముందే ఆడిది తిని పండుకుంటే ఆ ఇల్లు నిలుస్తదా సారూ? కష్టం చేసొచ్చినోనికి సల్లటి బువ్వ పెడ్తమా? అప్పుడే వండి పెడ్తది. నేను కూడ గట్లనే పెట్టిన మా ఆయనకు.”

“మీ ఆయన ఎప్పుడొచ్చేటోడు?”

“ఫ్యాక్టరీ నుంచి పదింటికి.”

“సరే. ఈ పిల్ల తిని, గిన్నెలు తోమి, పండుకునే వరకు?”

ఆయన అడుగుతుంటే సంగతులు ఒక్కొక్కటిగా బయటికొచ్చాయి. తెల్లవారుజామున నల్లా వస్తుంది, లింగంపల్లిలో నీళ్ళు ఎలా వచ్చేవో నాకూ తెలుసు, ఆ కాసేపట్లో పట్టుకోకపోతే ఆ రోజుకు లేవు. బిందెలు కోడలే నింపాలి. వెంటనే మామకు మొదటి షిఫ్టు, టీ, టిఫిను, డబ్బా. పగలైనా పడుకోవచ్చుగా అంటే, పగలు పడుకునేది కొడుకు. పరదాలు వేసి పడుకుంటాడు. అతని నిద్ర చెడకుండా కాపలా ఉండేది ఈ పిల్ల. కూరగాయల బండివాణ్ణి వీధి చివరే ఆపడం, కుక్కరు విజిలు రాకుండా గుడ్డ పట్టుకుని దించడం, వచ్చినవాళ్ళను వాకిట్లోనే నిలబెట్టి గుసగుసగా మాట్లాడి పంపడం. మధ్యాహ్నం కోడలు పడుకుంటే పక్కింటివాళ్ళు ఏమనుకుంటారని అత్త.

ఆ ఇంట్లో రెండు గడియారాలు నడుస్తున్నాయి. ఒకటి అమెరికాది, ఒకటి నల్లాది. మగవాళ్ళు తలా ఒక గడియారం ప్రకారం పనిచేసి, తలా ఒక గడియారం ప్రకారం నిద్రపోతున్నారు. ఆ పిల్ల రెంటి ప్రకారమూ లేచే ఉంటోంది. ఎవరికి వాళ్ళు తమ పూట మాత్రమే చూసుకున్నారు. ఈమె ఎప్పుడు పడుకుంటోందని ఆ ఇంట్లో ఒక్కరికీ తోచలేదు. నాకు ఒళ్ళు మండిపోయింది. నోరు తెరవబోతుంటే డాక్టరుగారు కళ్ళతోనే ఆపారు.

ఆయన మొగుణ్ణి దగ్గరికి పిలిచి, రెండు కాగితాలూ చూపించారు. “నువ్వు ఈఈజీ రిపోర్టులు టైపు కొడ్తవా?”

“కొడ్త సార్. రోజు రెండు మూడు వస్తయి. ఆల్ఫా, థీటా, స్పైక్... ఎట్లుంటయో ఎన్నడు చూడలే.”

“ఇప్పుడు చూడు. ఇది డ్రౌజీనెస్. మగతల నడినెత్తిన వచ్చే అల ఇది. మీ అమెరికా డాక్టరు దీనికి ఏమని చెప్తడు?”

అతను కాగితం మీదికి వంగి చాలాసేపు చూశాడు. “నార్మల్ అని చెప్తరు సార్” అన్నాడు మెల్లగా. “ఈ ముక్క నేను ఎన్నిసార్లు కొట్టిన్నో.” తర్వాత కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. తలెత్తి పెళ్ళాం వైపు మాత్రం చూడలేకపోయాడు.

అత్తకు ఇంకా నమ్మకం కుదరలేదు. “నిద్ర లేకుంటే మనుషులు గిట్ల పడిపోతరా సారూ? నా కండ్ల ముంగటనే పొయ్యి మీద వాలింది. నేనే గుంజిన. ఇంకొక్క గడియ అయితే చీర అంటుకుంటుండె. ఆ రోజుసంది నాకు బువ్వ దిగుతలేదు” అంది. ఆమె మీద నాకున్న కోపం అప్పుడు సగం తగ్గింది. ఆమె భయం నిజమే. కారణమే తన వంటింట్లో ఉందని ఆమెకు తెలియదు.

“పడిపోతరు అమ్మా. ఈ పిల్లకు మూర్ఛ లేదు. ఉన్నదని నేను రాయను. ఎవరడిగినా ఇదే చెప్త. గోళీలు ఒక్కసారి బంద్ చెయ్యొద్దు, కొద్దికొద్దిగ తగ్గిద్దాం. రాత్రి నిండ నిద్రపోనియ్యుండ్రి. అదే మందు” అన్నారు డాక్టరుగారు.

గుమ్మం దగ్గర తల్లి కొంగు నోట్లో కుక్కుకుంది. పిల్ల మాత్రం డాక్టరుగారి మొహంలోకే చూస్తోంది.

“అంటే నాకు జబ్బు లేదా సార్?”

“లేదు బిడ్డా. ఫికర్ చెయ్యకు.”

ఆమె కళ్ళవెంట నీళ్ళు బొటబొటా రాలాయి. సంతోషంతోనే అనుకున్నాను. నాకు ఏడిచేవాళ్ళను చూస్తే కాస్త చిరాకు కూడా. “ఎందుకమ్మా ఏడుస్తావు? నీ మీద పడిన మచ్చ పోయింది కదా” అన్నాను.

“జబ్బున్నదంటే పండుకోనిస్తరేమో అనుకున్న మేడం” అంది.

జబ్బుందని తేలితే కాపురం పోతుంది. లేదని తేలితే మళ్ళీ అదే వంటింటికి పోవాలి. ముందు నుయ్యి, వెనక గొయ్యి. రెండిట్లో ఆ పిల్ల జబ్బునే కోరుకుని వచ్చింది. ఉన్నది ఉన్నట్టు వస్తుందని పొద్దున గొప్పగా చెప్పాను. వచ్చిన ఆ మంచి వార్త ఆమెకు దేనికి పనికొస్తుందో నాకు తెలియలేదు.

బయట హాల్లో వాదన మొదలైంది. నేను ఆఫీసు క్యాంటీన్లో తిని వస్తానని కొడుకు అన్నాడు. పెళ్ళాం ఉండగా కొడుకు బయట తింటే నలుగురిలో తలెత్తుకోగలనా అని అత్త. పోనీ ఆదివారం ఒక్కరోజు పడుకోనిద్దామని కొడుకు. నీళ్ళెవరు పడతారని అత్త. నా మోకాళ్ళు చూసినవా అని కూడా అంది. వాళ్ళిద్దరూ ఆ పిల్ల నిద్రను అలా అటూ ఇటూ లాగుతుంటే, ఆమె తలకు అంటుకున్న జిగురును నేను తడిగుడ్డతో తుడుస్తున్నాను. పూర్తిగా కాకముందే ఆమె లేచి, తల్లి దగ్గరికి నడిచింది.

“అమ్మా, ఇంటికి పోదాం.”

తల్లి బెదిరిపోయింది. ఇన్నాళ్ళూ ఆమె కూతుర్ని తీసుకుపోకపోవడానికి కారణం ఈ భయమే. తీసుకుపోతే రోగాన్ని ఒప్పుకుని వెనక్కి పిలుచుకున్నట్టు అవుతుందని. “ఇప్పుడు పోతే నలుగురు ఏమంటరు బిడ్డా?” అంది.

“జబ్బు లేదని సారే చెప్పిండు. ఇగ ఏమన్నా అననీ” అంది పిల్ల. గొంతు పెంచలేదు. అత్తకు కూడా వినపడేలా మాత్రం అంది. అత్త వాదన మధ్యలో ఆపి ఇటు తిరిగింది. ఏదో అనబోయి, కోడలి మోచేతి కింది మచ్చ మీద చూపు ఆగి, ఊరుకుంది.

తల్లీకూతుళ్ళు రోడ్డు మీదికి వెళ్ళారు. నార్సింగి ఆటో దొరికింది. నేను తడిగుడ్డ చేతిలో పట్టుకునే గుమ్మం దాకా వెళ్ళాను. మొగుడు వాళ్ళ వెనకే పరుగులాంటి నడకతో వెళ్ళి, ఆటో కమ్మీ పట్టుకున్నాడు. పిల్ల అప్పటికే తల్లి భుజం మీద తల పెట్టేసింది. పాయల మధ్య జిగురు ఇంకా తెల్లగా అంటుకునే ఉంది.

“మళ్ళ ఎన్నడొస్తవ్?” అని అడిగాడు.

ఆమె కళ్ళు తెరవలేదు.

“లేసినంక చెప్త” అంది.